రామప్ప గుడి ముంగిట
(పంచాయతీ సభ్యుల యాత్రా సందర్భమున చేసిన ప్రసంగము)



మనము పాలంపేట రామప్ప దేవాలయము ముంగిట నిలిచియున్నాము. కాకతీయ గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు దీనిని 1213లో కట్టించెను. యునెస్కో 2021లో దీనిని ప్రపంచ వారసత్వ స్థలముగా గుర్తించినది.

మేము వెంటనుండి అన్నియు చూపెదము. ముందుగా కొన్ని సంగతులు వినుడు. పునాది గోతిని ఇసుకతో నింపి, దానిపై గుడిని నిలిపిరి. శిఖరపు ఇటుకలు నీటిపై తేలునంత తేలికైనవి. అందుచే కట్టడముపై బరువు తగ్గినది. చూరు క్రింద నల్లరాతి మదనికలు కలవు. ఆ నగల సన్నని పనిని కనులతోనే చూడవలెను, చేతితో తాకరాదు. చెమటయు నూనెయు శిల్పమునకు చెరుపు.

సమీపమునగల రామప్ప చెరువును కాకతీయుల కాలపుదే. అది నేటికిని పొలములకు నీరిచ్చుచున్నది. గుడి కట్టినవారు సేద్యమును మరువలేదు.

మన ఊళ్ళలోను పాడుపడిన గుడులు, శాసనపు రాళ్ళు, వీరగల్లులు కలవు. గుప్తనిధుల ఆశతో కొందరు వానిని పెకలించుచున్నారు. కొన్ని బట్టలుతుకు బండలైనవి. ఊరి చెరువును ఎవరు త్రవ్వించిరో ఆ రాతిమీదనే వ్రాసియుండవచ్చును. అది పగిలినచో మరల తెలియు దారి లేదు.

కావున మరలి పోయినంతనే పంచాయతీ సమావేశమున అట్టి రాళ్ళ పట్టిక వ్రాయించి పురావస్తు శాఖకు పంపుడు. దొంగత్రవ్వకము కనబడినచో పోలీసులకును, తహసీలుదారుకును వెంటనే తెలుపుడు.

ఇక దయచేయుడు, లోనికి పోవుదము.