పాస్‌పోర్టులో అక్షరం తప్పితే



ఈవేళ నేను చెప్పబోయేది వంట గురించి కాదు, అల్లికల గురించీ కాదు. మన పేరు గురించి. పేరంటానికి పిలిచేవాళ్ళు మనల్ని ఫలానావారి కోడలంటారు. బడి దగ్గర ఫలానా కుర్రాడి అమ్మ అంటారు. సొంత పేరుతో పిలిచేది పుట్టింటివాళ్ళే, వాళ్ళు కూడా సగం పేరే పిలుస్తారు. అలాంటి మనకు మన పేరుని ఇంగ్లీషు అక్షరాల్లో ఎలా రాయాలో తేల్చుకోవలసిన అవసరం ఎప్పుడొస్తుందీ? చాలామందికి యాభై దాటాక, పైదేశంలో వున్న కూతురి పురిటికి ప్రయాణం కట్టినప్పుడొస్తుంది.

మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో పేర్లు ఎక్కువగా దేవుళ్ళ పేర్లే. విజయనగరం పైడితల్లమ్మ పేరున పైడమ్మలు, పైడిరాజులు. అరసవల్లి స్వామి పేరున సూర్యకాంతాలు, సూర్యనారాయణలు. శ్రీకూర్మం స్వామి పేరున కూర్మారావులు. సింహాద్రి అప్పన్న పేరున అయితే లెక్కే లేదు: అప్పలనరసమ్మ, అప్పలనాయుడు, అప్పయ్యమ్మ. సింహాచలం అని ఆడవాళ్ళకీ పెడతాం, మగవాళ్ళకీ పెడతాం. వినడానికి ఎంత బాగుంటాయో, ఇంగ్లీషులో రాయడానికి అంత తంటా. పైడమ్మలో మొదటి అక్షరానికి ఒకరు పి ఎ ఐ అని రాస్తారు, ఇంకొకరు పి వై అని రాస్తారు. లక్ష్మికి ఎక్స్ పెట్టేవాళ్ళున్నారు, కె ఎస్ హెచ్ పెట్టేవాళ్ళున్నారు. మన శ, ష, స మూడూ, ణ, న రెండూ, దీర్ఘాలూ, వొత్తులూ అన్నీ ఆ ఇరవయ్యారు అక్షరాల్లోనే ఇమడాలి కదా!

మనుషుల పేర్లదాకా ఎందుకు, మన వూళ్ళ సంగతే చూడండి. శ్రీకాకుళాన్ని ఇంగ్లీషువాళ్ళు చికాకోల్ అని రాసుకున్నారు. 1936లో ఇంగ్లండు వెళ్ళిన మన క్రికెట్ జట్టుకు నాయకుడైన విజ్జీ పేరు పక్కన విజయనగరం అన్న మాట ఇప్పటికీ క్రికెట్ పుస్తకాల్లో ఒక ‘ఎ’ తక్కువగానే అచ్చవుతుంది. మహారాజకుమారుడు గనుక ఆయనకు చెల్లింది. విమానాశ్రయంలో మనకు చెల్లదు.

మా వీధి చివర ఒకావిడ వుంది. అసలు పేరు చెప్పను, అప్పలనరసమ్మ అనుకుందాం. అయిదో తరగతి దాకా చదువుకుంది. భర్త వున్న రోజుల్లోనే, ఎప్పటికైనా పనికొస్తుందని, ఇద్దరికీ పాస్‌పోర్టులు తీయించారు. దరఖాస్తు నింపింది టౌన్లో ఒక ఏజెంటు కుర్రాడు. ఇంటిపేరు గడిలో ‘అప్పల’ అని కొట్టాడు, పేరు గడిలో ‘నరసమ్మ’ అని కొట్టాడు. అసలు ఇంటిపేరు ఎక్కడా లేదు. వచ్చిన పుస్తకాన్ని ఆవిడ విప్పి చూడకుండా బీరువాలో పట్టుచీర మడతలో పెట్టింది. చాలామంది చేసే పనే అది.

సింగపూరులో వున్న కూతురికి ఏడో నెల వచ్చాక అల్లుడు కాగితాలన్నీ ముందేసుకుని కూర్చున్నాడు. కూతురి పాస్‌పోర్టు చివరి పేజీలో తల్లి పేరు అప్పలనరసమ్మ అని ఒకే మాటగా వుంది. తల్లి పాస్‌పోర్టులో ముక్కలైంది. ఆధార్ తీస్తే ‘నర్సమ్మ’, నడుమ అక్షరం ఎగిరిపోయింది. బ్యాంకు పుస్తకంలో ఇంటిపేరు పొడి అక్షరంగా వుంది. ఆవిడ నెత్తి కొట్టుకుని, “ఏటమ్మా యిది, ఏ కాయితం సూసినా నేను ఒకలాగ లేనేటి? నలుగురు అప్పలనరసమ్మలున్నట్టు వుందే!” అంది. మేమందరం నవ్వాం గాని, నవ్వవలసిన సంగతి కాదది. ఈమే ఆ పిల్ల తల్లి అని కాగితం మీద రుజువు చెయ్యడం కష్టమైంది.

సలహాలు చెప్పేవాళ్ళకేం కొదవ? ఒకాయన ఆ గీత కాస్త పెన్నుతో దిద్దేస్తే ఎవరు చూస్తారన్నాడు. అమ్మా, పొరపాటున కూడా అలా చెయ్యకండి. 1967 నాటి పాస్‌పోర్టుల చట్టం ప్రకారం ఆ పుస్తకం మనది కాదు, కేంద్ర ప్రభుత్వ ఆస్తి. అందులో రాసివున్నదాన్ని అధికారం లేకుండా మారిస్తే రెండేళ్ళ దాకా జైలు, అయిదు వేల రూపాయల దాకా జరిమానా, లేదా రెండూ పడవచ్చు. పైగా చూసేది మనిషి ఒక్కడే కాదు, యంత్రం. మీ ఫోటో వున్న పేజీ అడుగున రెండు వరుసల్లో అక్షరాలూ, బాణం ములుకుల్లాంటి గుర్తులూ వుంటాయి, గమనించారా? ఒక్కో వరుసలో 44 స్థానాలు. పై వరుసలో పేరుకు మిగిలేవి 39. ముందు ఇంటిపేరు, తర్వాత రెండు ములుకులు, తర్వాత మన పేరు. అన్ని దేశాల పాస్‌పోర్టులకూ ఇదే పద్ధతి. పైన పెన్నుతో దిద్దితే అడుగున మారదు కదా. ఇప్పుడు కొత్తగా ఇస్తున్న ఈ-పాస్‌పోర్టుల అట్టలో చిన్న చిప్ కూడా పెడుతున్నారు. 2024 ఏప్రిల్లో కొన్నిచోట్ల ప్రయోగంగా మొదలై తర్వాత దేశమంతా వచ్చింది. అందులోనూ మన పేరుంటుంది.

కాబట్టి పాస్‌పోర్టులో ‘దిద్దుబాటు’ అనేది నిజానికి లేదు. పాతది రద్దు చేసి కొత్త పుస్తకం ఇస్తారు. దరఖాస్తులో కొత్త పాస్‌పోర్టు అని కాకుండా ‘రీ-ఇష్యూ’ అని ఎంచుకుని, కారణం దగ్గర వ్యక్తిగత వివరాల్లో మార్పు అని చూపించాలి. 36 పేజీల పుస్తకానికి పెద్దవాళ్ళకు రుసుము 1500 రూపాయలు. తత్కాల్ కావాలంటే ఇంకో 2000. మీరిచ్చిన కాగితాల్లో సరిగ్గానే వుండి, అచ్చులో ఆఫీసువాళ్ళ వల్ల అక్షరం తప్పితే మాత్రం ఆ సంగతి పుస్తకం చేతికి రాగానే వాళ్ళకు చెప్పాలి. రెండేళ్ళు బీరువాలో దాచి తర్వాత వెళ్ళి మీదే తప్పంటే ఎవరు ఒప్పుకుంటారు?

అయితే నేను గట్టిగా చెప్పాలనుకున్నది ఈ రుసుముల సంగతి కాదు. పాస్‌పోర్టు ఆఫీసుకు పరుగెత్తే ముందు ఇంట్లో చెయ్యవలసిన పని ఒకటుంది. ఒక మధ్యాహ్నం పనులన్నీ అయ్యాక మీ కాగితాలన్నీ చాప మీద పరవండి. పదో తరగతి సర్టిఫికెట్టు వుంటే అది, ఆధార్, పాన్, రేషన్ కార్డు, బ్యాంకు పుస్తకం, పెళ్ళి ధ్రువపత్రం, పిల్లల పుట్టిన తేదీ పత్రాలు, వాళ్ళ పాస్‌పోర్టులు. ఒక్కోదానిలో మీ పేరు ఎలా వుందో అక్షరం అక్షరం ఒక నోటుపుస్తకంలో రాసుకోండి. అప్పుడు తెలుస్తుంది, మన పేరు ఇన్నాళ్ళూ ఎవరెవరు రాశారో. బళ్ళో మేష్టారు ఒకలా, రేషన్ కార్డుకి వచ్చిన గుమస్తా ఒకలా, ఆధార్ కేంద్రంలో కుర్రాడు ఇంకోలా. మనం మాత్రం రాయలేదు, ఎవరూ మనల్ని అడగలేదు.

ఇందులో సరైన స్పెల్లింగు ఏదని నన్నడుగుతారు. తెలుగు పేరుకి ఇంగ్లీషులో సరైన స్పెల్లింగంటూ పుట్టుకతో ఒకటి వుండదండీ. అన్ని కాగితాల్లోనూ ఒక్కలా వున్నదే సరైనది. సంఖ్యాశాస్త్రం చూసుకుని ఒక ‘ఎ’ ఎక్కువ పెట్టుకోవాలన్న సరదా వుంటే అది పెళ్ళిపత్రిక వరకే వుంచుకోండి. పదో తరగతి చదివినవాళ్ళు ఆ సర్టిఫికెట్టులో వున్నదానికే కట్టుబడి వుండటం మేలు, దాన్ని మార్చడం అన్నిటికన్నా కష్టం గనుక. చదువుకోనివాళ్ళు ఎక్కువ కాగితాల్లో వున్న రూపాన్ని, ముఖ్యంగా పిల్లల కాగితాల్లో తల్లి పేరుగా పడిన రూపాన్ని చూసుకుని నిశ్చయించుకోవాలి.

నిశ్చయించుకున్నాక ముందు ఆధార్. ఆధార్లో పేరు మార్చుకునే అవకాశం మొత్తం జీవితంలో రెండే సార్లు, జ్ఞాపకం వుంచుకోండి. మొదటిది హడావిడిలో పోగొట్టుకుంటే మిగిలేది ఒకటే. కార్డు మీద తెలుగులోనూ, ఇంగ్లీషులోనూ పేరుంటుంది. మనం తెలుగు చూసుకుని బాగుందనుకుంటాం, ఇంగ్లీషు చూడం. పాస్‌పోర్టువాళ్ళు చూసేది ఇంగ్లీషునే. ఆధార్, బ్యాంకు ఒక దారికి వచ్చాకే పాస్‌పోర్టుకి వెళ్ళండి. మా అప్పలనరసమ్మగారి కూతురికి రోజులు దగ్గర పడుతుంటే అందరూ పాస్‌పోర్టే ముందన్నారు. ఆధార్లో తప్పు అలాగే వుంది గనుక అక్కణ్ణుంచి తిప్పి పంపారు. మళ్ళీ మొదటికి రావలసి వచ్చింది.

ఇంటిపేరు గడి సంగతి విడిగా చెప్పాలి. మనం ఇంటిపేరు ముందు రాసుకుంటాం, అదీ పొడి అక్షరంతో. పాస్‌పోర్టులో పొడి అక్షరాలు కుదరవు, విప్పి పూర్తిగా రాయాలి. ఇంటిపేరు ఇంటిపేరు గడిలో, మన పేరంతా రెండో గడిలో వెళ్ళాలి. ‘అప్పల’, ‘వెంకట’, ‘సూర్య’ ఇవి ఇంటిపేర్లు కావు, పేరులో భాగాలే అని ఆ కొట్టే కుర్రాడికి మనమే చెప్పాలి. కొందరు ఇంటిపేరు గడి ఖాళీగా వదిలేస్తారు. దానివల్లా చిక్కే. 2022 నవంబరులో దుబాయి వున్న ఎమిరేట్స్ దేశం, ఒకే పేరున్న పాస్‌పోర్టుతో విజిట్ వీసా మీద వచ్చేవాళ్ళను రానివ్వమని చెప్పింది. తండ్రి పేరో, ఇంటిపేరో రెండో పేజీలో వుంటే చాలని తర్వాత సడలించారు గాని, ఆ వారం టిక్కెట్లు కొనుక్కున్నవాళ్ళ గుండెలు ఎలా కొట్టుకుని వుంటాయో ఆలోచించండి. అమెరికా వీసాలో పేరు గడి ఖాళీగా వుంటే ‘మొదటి పేరు తెలియదు’ అనే అర్థం వచ్చే మూడక్షరాలు పడతాయి. అమ్మానాన్నలు బారసాల చేసి పెట్టిన పేరుండగా, తెలియదనిపించుకోవడమెందుకు?

మరి పెళ్ళయ్యాక అత్తింటి ఇంటిపేరు పెట్టి తీరాలా? అక్కర్లేదు. పెళ్ళయినంతమాత్రాన ఆడది పాస్‌పోర్టులో పేరు మార్చుకోనవసరం లేదని 2017 ఏప్రిల్లో ప్రభుత్వమే స్పష్టంగా చెప్పింది. చదువూ, వుద్యోగమూ పుట్టింటి ఇంటిపేరుతోనే వుంటే అదే వుంచుకోవడం తేలిక. అత్తగారికి చెప్పడం కష్టమంటారా, ఇది ఆఫీసు కాగితాల కోసమని చెప్పండి. మార్చుకుంటేనే బాగుందనుకుంటే పెళ్ళి ధ్రువపత్రమో, భార్యాభర్తలిద్దరూ కలిసి తీయించుకున్న ఫోటోతో సంతకాలు చేసిన ప్రకటనో ఇవ్వాలి. ఏది మార్చినా సగం కాగితాల్లో మార్చి సగం వదిలెయ్యకండి. పలికే తీరు మారకుండా ఒకటి రెండు అక్షరాలు సర్దుకోవడం చిన్న పని. పేరే మారిపోతే మాత్రం ప్రమాణపత్రం, దినపత్రికల్లో ప్రకటనలు, ఇంత తతంగం వుంటుంది.

మన జిల్లాలవాళ్ళకు ఇంకో చిన్న చిక్కుంది, పుట్టిన వూరి జిల్లా. విజయనగరం జిల్లా 1979 జూన్ 1న ఏర్పడింది. అంతకు ముందు బొబ్బిలిలోనో, పార్వతీపురంలోనో పుట్టినవాళ్ళ పాత కాగితాల్లో శ్రీకాకుళం జిల్లా అని వుంటుంది. 2022 ఏప్రిల్లో మళ్ళీ జిల్లాలు మారాయి. పార్వతీపురం, పాలకొండ మన్యం జిల్లాలోకి వెళ్ళాయి, రాజాం విజయనగరంలో కలిసింది. మనం కదల్లేదు, జిల్లాలే మన మీదుగా కదిలాయి. దరఖాస్తులో వూరి పేరు అన్నిచోట్లా ఒకే స్పెల్లింగుతో రాయండి, జిల్లా సంగతి అడిగితే ఈ తేదీలు చెప్పండి.

దరఖాస్తు నెట్ సెంటర్లో పెట్టించినా పక్కన మీరే కూర్చోండి. సైటు పేరు చివర జి ఓ వి డాట్ ఇన్ అని వుందో లేదో చూడండి, నకిలీవి చాలా వున్నాయి. సందేహముంటే 1800-258-1800కి ఫోను చేసి అడగవచ్చు, ఖర్చుండదు. హైదరాబాదు వెళ్ళనక్కర్లేదు, మన ప్రాంతీయ ఆఫీసు విశాఖపట్నంలోనే వుంది. 2017 నుంచి పెద్ద పోస్టాఫీసుల్లోనూ సేవాకేంద్రాలు తెరుస్తూ వస్తున్నారు. దగ్గర్లో ఏముందో దరఖాస్తు పెట్టేటప్పుడే కనిపిస్తుంది. జెరాక్సులతో పాటు అసలు కాగితాలు పట్టుకెళ్ళండి. కౌంటరు దగ్గర అమ్మాయి తెర మీద వివరాలు చూపించి సరిగ్గా వున్నాయా అని అడిగినప్పుడు మొహమాటపడి తల వూపెయ్యకండి. కళ్ళజోడు పెట్టుకుని, నోటుపుస్తకం పక్కన పెట్టుకుని, ఒక్కో అక్షరం మీద వేలు పెట్టి చూడండి. వెనక వరసలో వాళ్ళు విసుక్కుంటే విసుక్కోనివ్వండి.

అప్పలనరసమ్మగారు పురిటికి అందుకోలేదు. ఆ కొత్త పుస్తకం వచ్చేసరికి బారసాల కూడా అయిపోయింది. మనవరాలికి రెండో నెలలో వెళ్ళింది. వెళ్ళే ముందు కూతురికి ఫోనులో ఆవిడ అడిగింది పిల్ల ఎవరి పోలిక అని కాదు. “గుంట పేరు ఇంగిలీసులో ఏ అచ్చరాలతో రాయించారే? ఆ కాయితం ఫోటో తీసి అంపు, సూస్తాను,” అంది.

మీ కొత్త పాస్‌పోర్టు స్పీడ్ పోస్టులో వస్తుంది. పాతదానిలో గడువున్న వీసా వుంటే దాన్ని పారెయ్యకండి, రెండూ కలిపి రబ్బరు బ్యాండు వేసి వుంచండి. పేరు మారింది గనుక ఆ వీసా చెల్లుతుందో లేదో ఆ దేశపు రాయబార కార్యాలయాన్ని అడిగి తెలుసుకోండి. కవరు విప్పగానే పై పేరూ, పుట్టిన తేదీ, చివరి పేజీలో అమ్మానాన్నల పేర్లూ, అడుగున ఆ ములుకుల వరుసలూ చదవండి. చదివాకే బీరువాలో పెట్టండి.

సెలవు.