ఒక శనివారము, అయిదుగురు పిల్లలు



నేడు నేను ప్రసంగింపదలచినది అమెరికా దేశపు చలనచిత్ర మొకదానిని గూర్చి. దాని పేరు "ది బ్రేక్‌ఫాస్ట్ క్లబ్". ప్రాతఃకాలపు ఫలాహార సంఘమని దాని యర్థము. షికాగో సమీపమందలి యొక పాఠశాలలో, శిక్షగా ఉదయముననే వచ్చి కూర్చుండవలసిన పిల్లలను తోడివారు పరిహాసముగా పిలిచిన పేరు ఇదియని చెప్పుదురు. చిత్రము 1985వ సంవత్సరము ఫిబ్రవరి మాసమున వెలువడినది. పదునారు, పదునేడేండ్ల బాలబాలికల కొరకు తీసిన హాస్యచిత్రముతో నెరసిన తలల కేమి పని యని తమలో కొందరు నవ్వుకొనవచ్చును. కాని ఆ చిత్రమందలి పిల్లలు దినమంతయు మాటలాడుకొనునది మనలను గూర్చియే. అనగా తల్లిదండ్రులను గూర్చియు, ఉపాధ్యాయులను గూర్చియు. మనము లేని చోట మనలను గూర్చి పిల్ల లేమి చెప్పుకొందురో చాటున నిలిచి వినగలుగుట పెద్దలకు తరచుగా దొరకు నవకాశము కాదు.

కథ కొలదిపాటిది. ఇల్లినాయి రాష్ట్రమున షెర్మరు అను కల్పిత పట్టణము. 1984వ సంవత్సరము మార్చి 24వ తేది, శనివారము, బడికి సెలవు. ఆ దినమున అయిదుగురు విద్యార్థులు ఉదయము 7 గంటలు మొదలు సాయంకాలము 4 గంటల వరకు పాఠశాల గ్రంథాలయమున శిక్షకై కూర్చుండవలెను. వెర్నను అను ఉపప్రధానోపాధ్యాయుడు కావలి. మాటలాడరాదు, కదలరాదు, నిద్రింపరాదు. తాము ఎవరమని తాము తలంచుచున్నారో వేయి మాటలకు తక్కువ కాకుండ ఒక వ్యాసము వ్రాయుడని యాజ్ఞాపించి ఆయన తన గదికి పోవును. నే నెవడనను ప్రశ్నకు ఉపనిషత్తులు చదివినవారే తడుముకొందురు. వెర్ననునకు మాత్ర మది తొమ్మిది గంటల పొద్దు గడపుటకు తగిన దండన.

ఆ యైదుగురిని ఊరివారు, బడివారు ముందే పేరు పెట్టి యుంచిరి. బ్రయను చదువరి. ఆండ్రూ కుస్తీలో మేటి. క్లేరు కలవారి బిడ్డ. బెండరు పోకిరి. ఆలిసను నోరు విప్పని వింత పిల్ల. మన బడులలో కూడ ఇట్టి బిరుదములకు కొదువ లేదు. మొద్దు, గడుగ్గాయి, మంచివాడు అని యొకమారు పడిన పేరు హాజరుపట్టీలోని పేరుకంటె గట్టిగా నిలుచును.

పిల్లలు బడివాకిట దిగు ఘట్టమును తమరు శ్రద్ధగా గమనింపవలెనని నా కోరిక. రెండు మూడు నిమిషములలో అయిదు సంసారములు మన కనులకు కట్టును. క్లేరు తండ్రి, ఈ శిక్షను తప్పింపలేకపోతినే యని కుమార్తెను బుజ్జగించును. బ్రయను తల్లి, ఈ పొద్దునైనను వృథాచేయక చదువుకొమ్మని కుమారునికి హెచ్చరిక చేయును. ఆండ్రూ తండ్రికి కుమారుడు చేసిన తప్పుకంటె పట్టుబడుటయే పెద్ద కష్టముగా తోచినది. కళాశాలవా రిచ్చు వేతనము చేజారునేమో యని యాతని దిగులు. ఆలిసను బండి దిగి, సెలవు తీసికొనుటకై కిటికీ దగ్గరకు వంగబోవునంతలో బండి సాగిపోవును. బెండరు ఒంటరిగా నడచి వచ్చును. వానిని దింపువారే లేరు.

మధ్యాహ్నపు భోజనవేళయు నిట్టిదే. క్లేరు పచ్చి చేపతోను అన్నముతోను చేసిన జపానుదేశపు వంటకమును తీర్చి కూర్చుండును. ఆండ్రూ సంచిలో నలుగురికి చాలు తిండి కలదు. బ్రయను తల్లి రొట్టె అంచులు కోసి ముద్దుగా కట్టి యిచ్చినది. ఆలిసను తన రొట్టెలోని మాంసమును విసరివేసి, చక్కెరపొడియు పేలాలవంటి తినుబండారమును నింపి కరకరలాడించును. బెండరు నొద్ద ఏమియు లేదు. అందరి తిండిని ఎగతాళి చేయుట తప్ప వానికి వేరు పని లేకపోయెను. చూచువారు ఇచ్చట మిక్కిలి నవ్వుదురు. ఆ వెంటనే వాడు బ్రయను ఇల్లు ఎట్లుండునో, తన యిల్లు ఎట్లుండునో గొంతులు మార్చి అభినయించి చూపును. తండ్రి చుట్టతో కాల్చిన మచ్చను చేతిమీద చూపును. నవ్వుచున్నవారి నవ్వు గొంతులోనే నిలిచిపోవును. ఇట్టి హాస్యమే నాకు హాస్యముగా తోచును. ఒట్టి వికటపు చేష్టలకు నవ్వుట అలవాటు లేదు.

ఇక నీ చిత్రము పుట్టిన తీరు చెప్పెదను. దీనిని వ్రాసి దర్శకత్వము వహించినవాడు జాన్ హ్యూస్. 1950లో మిషిగను రాష్ట్రమున లాన్సింగు పట్టణమున పుట్టి, బాల్యముననే షికాగో దాపున నున్న నార్త్‌బ్రూకు అను నూరికి కుటుంబముతో వచ్చెను. ఆ యూరి పూర్వనామము షెర్మర్‌విల్లు. కథలోని షెర్మరు పట్టణము అందుండి పుట్టినది. హ్యూస్ మొదట వ్యాపార ప్రకటనలు వ్రాయు ఉద్యోగము చేసి, పిదప నొక హాస్యపత్రికలో చేరి, చలనచిత్రములకు వచ్చెను. ఆతడు దర్శకత్వము వహించిన మొదటి చిత్రము, "సిక్స్‌టీన్ క్యాండిల్స్", 1984లో వెలువడినది. రెండవది ఇది.

దీనికైన వ్యయము ఇంచుమించు 10 లక్షల డాలర్లు. హాలీవుడ్డు లెక్కలలో నిది చిల్లరసొమ్ము. అందుచేత కథ యంతయు దాదాపు ఒక్క గదిలోనే నడచును. డెస్ ప్లెయిన్స్ అను పట్టణమున మెయిన్ నార్త్ హైస్కూలు 1981లో మూతపడి ఖాళీగా నుండెను. అచ్చటి గ్రంథాలయము చిత్రమునకు చాలనంత చిన్నది. కనుక ఆ బడి వ్యాయామశాలలోనే రెండంతస్తుల గ్రంథాలయమును కొత్తగా కట్టిరి. నటులచేత నాటకమునకువలె ముందుగా కొన్ని వారములు సాధన చేయించి, 1984 వసంతకాలమున, కథ నడచిన వరుసలోనే చాలవరకు చిత్రమును తీసిరి. చలనచిత్రములలో ఈ పద్ధతి యరుదు. సామాన్యముగా కడపటి ఘట్టమును మొదటను, మొదటిదానిని నడుమను తీయుదురు. వరుసగా తీయుటవలన ఆ యైదుగురి నడుమ పరిచయము నిజముగానే దినదినము పెరిగినట్లు తెరపై కానవచ్చును. మన యాలంకారికులు దశరూపకములలో వ్యాయోగమను దానికి ఒక్క దినపు కథయే యుండవలెనని నియమించిరి. హ్యూస్ ఆ లక్షణము నెరుగడు. డబ్బు లేమి వానిని ఆ దారికే తెచ్చినది.

నటులలో మాలీ రింగ్వాల్డ్, ఆంథొనీ మైకేల్ హాల్ అను నిరువురు నిజముగా పదునారేండ్లవారే. తక్కినవారు ఇరువది దాటినవారు. హ్యూస్ వీరి మాటలకు చెవి యొగ్గెను. ఉపాధ్యాయుడు చాటునుండి యొక స్త్రీని చూచునట్టి యసభ్యమైన ఘట్ట మొకటి వ్రాతప్రతిలో చేరినప్పుడు రింగ్వాల్డ్ దానిని తీసివేయుమని పట్టుబట్టినది, ఆతడు తీసివేసెను. పిల్లలు నేలపై వలయముగా కూర్చుండి, తా మే తప్పు చేసి వచ్చితిమో చెప్పుకొను ఘట్టమున, వ్రాసిన మాటలను మాత్రమే పట్టుకొనక తమ మాటలతో చెప్పుటకు హ్యూస్ వారికి స్వేచ్ఛ నిచ్చెను. ఇంకొక ముచ్చట కలదు. బెండరు వేషము వేసిన జడ్ నెల్సన్ చిత్రీకరణ లేని వేళలందును ఆ పోకిరితనమును విడువక రింగ్వాల్డును వేధించుచుండగా, హ్యూస్ కోపించి వానిని తొలగింపదలచెను. వానికొరకు అడ్డుపడి మాట చెప్పినవారిలో, చిత్రమున వానికి బద్ధశత్రువైన వెర్నను వేషము వేసిన పాల్ గ్లీసన్ కూడ నుండెను.

ఈ వెర్ననును గూర్చి ఉపాధ్యాయుడనైన నేను కొంచెము నిలిచి చెప్పక తప్పదు. బెండరు ఎదురు పలికిన ప్రతిమాటకు ఆయన ఒక్కొక్క శనివారము శిక్షను పెంచుకొనిపోవును. వేలముపాటవలె ఒకరు హెచ్చించుటయు, ఇంకొకరు సై యనుటయు జరిగి, లెక్క రెండు నెలలకు పోవును. దండనము భయమును పుట్టింపక పంతమును పుట్టించిన తరువాత దానివలన ఫలమేమి? పిదప ఆయన బెండరును సామానుల గదిలోనికి తీసికొనిపోయి, ధైర్యమున్న నన్ను కొట్టుమని రెచ్చగొట్టును. జరిగినది నీవు బయట చెప్పినను నిన్నెవరు నమ్ముదురని పలుకును. అంతవరకు వాచాలుడైన కుర్రవాడు అచ్చట నోరు మెదపలేకపోవును. బడిలో ఇట్టి గదులు ఏ దేశమున లేవు?

అయినను హ్యూస్ ఆయనను రాక్షసునిగా చిత్రింపలేదు. బడి ఊడ్చు కార్లు అను పనివానితో ఆయన నేలమాళిగలో కూర్చుండి మాటలాడు ఘట్టము కలదు. పిల్లలు మునుపటివలె లేరనియు, చెడిపోయిరనియు వెర్నను వాపోవును. పిల్లలు మారలేదు, మారినవాడవు నీవే యని కార్లు నవ్వుచు చెప్పును. నాకు వార్ధకము వచ్చునాటికి ఈ పిల్లలే కదా దేశమును నడుపువారు, నన్ను చూచుకొనువారు అని తలచిన రాత్రి నిద్రపట్టదని వెర్నను చెప్పగా, ఆ యాశ పెట్టుకొనవలదని కార్లు బదులిచ్చును. మన నాటకములలో రాజునకు సత్యము చెప్పగలవాడు విదూషకు డొక్కడే. ఇచ్చట ఆ పని చీపురు పట్టినవానికి దక్కినది. చిత్రారంభమున గోడమీది పాత ఛాయాపటములలో ఆ కార్లు విద్యార్థిగా నున్ననాడు బహుమానము పొందిన చిత్రము ఒక్క క్షణము కానవచ్చును. అనేకులు దానిని గమనింపరు.

వలయముగా కూర్చుండిన ఘట్టమే చిత్రమునకు గుండెకాయ. ఆండ్రూ ఒక బలహీనుని హింసించి యవమానించినది తన కిష్టమై కాదు, తండ్రి మెప్పునకై. అది చెప్పుచు వాడు ఏడ్చును. బ్రయను చేతిపని తరగతిలో ఏనుగు ఆకారపు దీపము నొకటి చేసెను. తొండము లాగిన వెలుగవలెను, వెలుగలేదు. ఎన్నడును తప్పనివాడు ఆ ఒక్కదానిలో తప్పెను. ఇంటికి ఆ మార్కులు తీసికొనిపోలేక ప్రాణము తీసికొనుటకు తలపడెను. ఆయుధముగా వాడు తెచ్చినది సంకేతపు మంటను చిమ్ము పిస్తోలు మాత్రమేయని తెలిసి అందరును నవ్వుదురు, వాడును నవ్వును. నేను నవ్వలేకపోతిని. 2019వ సంవత్సరము ఏప్రిలు మాసమున తెలంగాణమున ఇంటరుమీడియటు ఫలితములు వెలువడిన పిమ్మట 20 మందికి పైగా విద్యార్థులు ప్రాణములు తీసికొనిరి. వారిలో నొక్కరైనను, ఇట్లు నలుగురు తోడిపిల్లల నడుమ కూర్చుండి తన మనసులోని మాట చెప్పుకొనుటకు ఒక్క శనివారము దొరికియుండునా యని నాకు తోచును.

సోమవారము బడి తెరచిన తరువాత మన మొకరి నొకరము పలుకరింతుమా యని బ్రయను అడుగును. పలుకరింపమని క్లేరు నిర్మొగమాటముగా చెప్పును. తగవు పుట్టును, తీరదు. సోమవారము నేమి జరిగినదో చిత్రము చెప్పదు. కడపట వ్యాసము అందరి పేరను బ్రయను ఒక్కడే వ్రాసిపెట్టును. తక్కిన నలుగురు ఇద్దరిద్దరుగా జతపడి పోవుదురు, వ్రాసినవాడు ఒంటరి. ఇతరులకు వ్రాసిపెట్టువారి కెక్కడను ఇదే గతి. ఆలిసను ముఖమునకు క్లేరు రంగులు దిద్ది జడ సవరింపగానే ఆండ్రూ కంటికి ఆమె చక్కనిదగుట నాకు రుచింపలేదు. పిల్లను ఉన్నదున్నట్లు చూడుమని గంటన్నరసేపు చెప్పి, తుదకు అలంకారమునకు లొంగిపోవుట కవికి తగదు. అయిదుగురును తెల్లజాతివారే యగుట మరియొక కొరత.

అమెరికాలో ఈ చిత్రము నాలుగున్నర కోట్ల డాలర్లకు పైగా ఆర్జించినది. దీనికొరకు కట్టిన పాటను స్కాట్లండు గాయకబృందమైన సింపుల్ మైండ్స్ పాడగా, 1985 మే మాసమున అమెరికాలో అది మొదటి స్థానము నందినది. బడిపిల్లల కథలలో ఈ యైదు తీరుల పాత్రలను కూర్చుట తరువాతివారికి పరిపాటి యైనది. 2009లో హ్యూస్ 59వ యేట మరణింపగా, మరుసటి యేడు ఆస్కారు ఉత్సవమున నాటి నటులు వేదికపై నిలిచి ఆతనిని స్మరించిరి. 2016లో అమెరికా ప్రభుత్వ గ్రంథాలయము దీనిని జాతి భద్రపరుపదగిన చిత్రముల పట్టికలో చేర్చినది.

2018 ఏప్రిలులో క్లేరు వేషధారిణియైన రింగ్వాల్డ్ "న్యూ యార్కర్" పత్రికలో నొక వ్యాసము వ్రాసినది. అప్పటి కామెకు ఏబది యేండ్లు. బెండరు చిత్రమంతటను క్లేరును వేధించుటయు, బల్లక్రింద దాగి మర్యాద మీరుటయు, అయినను తుదకు ఆమె వలపు వానికే దక్కుటయు నిప్పుడు తన్ను బాధించుచున్న వని దాచక చెప్పినది. తనకు పేరు తెచ్చిన చిత్రమును ఇట్లు తూచి చూచుట సామాన్యము కాదు. అట్లని ఆమె దానిని త్రోసివేయలేదు. అంతకు ముందు, 2014లో, పదియేండ్ల తన కుమార్తెను ప్రక్కన కూర్చుండబెట్టుకొని ఈ చిత్రమును చూచిన సంగతిని ఆమె రేడియోలో వినిపించియుండెను. ఆ బాలిక తల్లి ధరించిన క్లేరు పాత్రను గాక బ్రయనును తనవానిగా నెంచినది. చదువు చదువు మని యింట తన్ను తొందరపెట్టుట వాని యింటివలెనే యున్నదని తల్లితో చెప్పినది. బిడ్డ మనసులో ఆ మాట యున్నదని తల్లికి అప్పుడే తెలిసినది.