ఇంటి ఎలుకలు – మన జాగ్రత్తలు
(సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



 ఇంత పెద్ద సభలో చదువుల గురించో, ఉద్యోగాల గురించో చెప్పక ఎలుకల గురించి మాట్లాడతాడేమిటి ఇతను అని మీరు నవ్వుకోవచ్చు. నవ్వండి, కానీ చివరిదాకా వినండి.

మా ఇంట్లో జరిగిన సంగతే చెప్తాను. ఎలుకల పేస్టు పూసిన టొమాటో ముక్కను మా అమ్మ బియ్యం డ్రమ్ము వెనక పెట్టింది. నాలుగేళ్ళ మా చిన్నవాడు అది తీసి నోట్లో పెట్టుకున్నాడు. ఆసుపత్రికి పరుగెత్తాము. రెండు వాంతులయ్యాక వాడు మామూలుగా ఆడుకోసాగాడు. "బాగైపోయాడు, ఇంటికి పోతాం" అని మేమే తొందరపడ్డాం. డాక్టరుగారు వదల్లేదు. మూడోనాడు రక్తపరీక్షలో కాలేయం దెబ్బతిన్నట్టు తేలింది. అల్లా దయవల్ల బిడ్డ దక్కాడు. ఆ పేస్టులో ఉండేది పసుపు భాస్వరం. దానికి విరుగుడు మందు లేదు. తిన్నవాడు ఒకటి రెండు రోజులు బాగున్నట్టు కనిపించడమే అందులోని మోసం.

కాబట్టి మందు కంటే ముందు, వచ్చినది ఏదో తెలుసుకోవాలి. మనం ఇళ్ళల్లో అన్నిటినీ చూహా అనేస్తాం. నిజానికి నాలుగు రకాలున్నాయి.

మొదటిది చిట్టెలుక. దాని పెంటిక బియ్యపు గింజంత. పెన్సిల్ దూరే సందు చాలు దానికి. రెండవది ఇంటి ఎలుక. తోక ఒంటికంటే పొడుగు. వాసాలు, తీగలు, కొబ్బరిచెట్లు ఎక్కుతుంది. అటక మీద చప్పుడు చేసేది ఎక్కువగా ఇదే. మూడవది పందికొక్కు, మనం ఘూస్ అంటాం. గోడ కింద, కాలువ పక్క బొరియ తవ్వి మట్టి కుప్పపోస్తుంది. ఇంగ్లీషువాళ్ళ బాండికూట్ అనే మాట మన తెలుగు పందికొక్కు నుంచి పోయిందే! నాలుగవది చుంచు, అంటే ఛఛుందర్. మూతి కోసుగా ఉంటుంది, కంపు కొడుతుంది. ఇది ఎలుక జాతి కాదు, బొద్దింకలను తింటుంది. దాన్ని చంపనక్కరలేదు, బయటికి తోలితే చాలు.

ఎలుకలకు కావలసినవి మూడే: తిండి, నీళ్ళు, దాగే చోటు. ఈ మూడూ తీసేస్తే సగం పని అయినట్టే. రాత్రిపూట పాత్రలు మూయమని, దీపాలు ఆర్పమని, ఎలుక వత్తిని లాగి ఇల్లు తగలబెట్టవచ్చునని మన ప్రవక్త (స) ఏనాడో హెచ్చరించారు. బియ్యం మూతగట్టి డ్రమ్ములో పోయండి. ఫిత్రా బియ్యం మూటలను గోడకు ఆనించక, పలకలమీద ఎత్తుగా పెట్టండి. ఖుర్బానీ వ్యర్థాలను కాలువలో పడేయక లోతుగా పూడ్చండి. కలుగులను గాజుపెంకులు కలిపిన సిమెంటుతో మూయండి, తలుపు కింద రేకు కొట్టండి, మిద్దెకు తగిలే కొమ్మలు నరకండి.

తర్వాత బోను. ఎలుక కొత్త వస్తువును చూస్తే భయపడుతుంది. అందుకని రెండు మూడు రోజులు బోనులో ఎండుచేప గానీ కొబ్బరిముక్క గానీ పెట్టి, తలుపు పడకుండా గోడ వారగా ఉంచండి. అలవాటు పడ్డాక బిగించండి. పడినదాన్ని హింసపెట్టక త్వరగా చంపండి. నిప్పుతో శిక్షించడం మన దీన్‌లో నిషేధం. మన పక్క పల్లెల యానాదులు కుండతో బొరియలోకి పొగ ఊది పొలాల ఎలుకలను పట్టడం మీరు చూసే ఉంటారు. ఆ నేర్పులో విషం చుక్క లేదు.

విషం తప్పదంటే, పిల్లలకు, కోళ్ళకు, పిల్లులకు అందని పెట్టెలోనే పెట్టాలి. బ్రోమడయోలోన్ తిన్న ఎలుక కొన్ని రోజులకు చస్తుంది. మనిషి తింటే విటమిన్ కె విరుగుడు ఉంది, డాక్టరు చూసి ఇవ్వాలి. నల్లపొడి జింక్ ఫాస్ఫైడ్‌కు విరుగుడే లేదు, దాన్ని ఇంట్లోకి రానివ్వకండి. ఎవరైనా విషం తింటే ఏదీ తాగించక, ఆ పొట్లంతో సహా వెంటనే ఆసుపత్రికి పోండి.

మన సత్యవేడులో కార్తీక, మార్గశిరాల్లో వానలు ఎక్కువ. ఎలుక మూత్రం కలిసిన నీళ్ళలో పుండ్ల కాళ్ళతో నడిస్తే ఎలుక జ్వరం వస్తుంది. జ్వరం, పిక్కల నొప్పి, కళ్ళెర్ర కనిపిస్తే ఆలస్యం చేయకండి. పెంటికలను పొడిగా ఊడవక, బ్లీచింగ్ నీళ్ళు చల్లి తుడవండి.

ఒక్క ఇల్లు శుభ్రం చేస్తే ఎలుక పక్కింటికి పోతుంది. వీధంతా ఒకేరోజు పూనుకోవాలి. రమజాన్‌కు ముందు ఒక ఆదివారం మన యువకులు ఈ పని చేపట్టాలని నా మనవి. పరిశుభ్రత ఈమాన్‌లో భాగమని మనకు నేర్పలేదా?