అంచనా ఎవరి చేతిలో ఉండాలి? – పదో తరగతి గణితం, మన పిల్లల హక్కు

(పదో తరగతి విద్యార్థుల తల్లిదండ్రులు, ఉపాధ్యాయుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



మైనారిటీల హక్కులను గురించి మాట్లాడే వేదికలపై రిజర్వేషన్లు, వక్ఫ్ ఆస్తులు, భద్రత, ఉపాధి వంటి విషయాలు తరచు చర్చకు వస్తాయి. ఈనాడు మనం గణిత పరీక్షను గురించి మాట్లాడుకుందాం. ఇది హక్కుల చర్చకు వెలుపలి విషయమని ఎవరికైనా అనిపించవచ్చు. కానీ 2007 నాటి చట్టం ద్వారా బి.సి.–ఇ వర్గానికి లభించిన 4 శాతం రిజర్వేషన్‌ను కళాశాల ప్రవేశంలో వినియోగించుకోవాలంటే, ముందు పదో తరగతి గడప దాటాలి. ఆ గడప వద్ద మన పిల్లలు ఎక్కువగా తడబడేది గణితం దగ్గరేనని ఈ సభలోని ఉపాధ్యాయులందరికీ తెలుసు. ఒక్క గణితంలో తప్పిన కారణంగా పాలిటెక్నిక్ ఆశ వదులుకుని మెకానిక్ షెడ్డుకో, పండ్ల బండికో వెళ్ళిపోయిన కుర్రవాళ్ళు మన ప్రతి బస్తీలోనూ ఉన్నారు. సప్లిమెంటరీ ఫీజు కట్టకుండానే పెళ్ళి సంబంధాలు చూడబడిన ఆడపిల్లలూ ఉన్నారు. వృత్తులు ఏవీ తక్కువవి కావు. ఎంచుకునే అవకాశం లేకుండా పోవడమే మన బాధ.

2006లో వెలువడిన సచార్ కమిటీ నివేదిక 2001 జనాభా లెక్కల ఆధారంగా ముస్లింల అక్షరాస్యత 59.1 శాతమని, దేశ సగటు 65.1 శాతమని చూపింది. ఆ అంతరాన్ని గురించి మనం ఎన్నో సభలు జరుపుకున్నాం. అంతరం ఎక్కడ పుడుతుందో కూడా గమనించాలి. తరగతి గదిలో ఒక బిడ్డను చూసి, 'వీడికి గణితం రాదు, పాసయితే చాలు' అని ఎవరో ఒకరు మనసులో వేసుకునే లెక్క దగ్గర అది మొదలవుతుంది. ఆ లెక్క కొన్నిసార్లు బడిలో వేస్తారు. చాలాసార్లు మన ఇళ్ళలోనే వేస్తారు. బిడ్డకు ఎన్ని మార్కులు వస్తాయన్న అంచనాకు ఆధారం ఏమిటి, అది ఎవరి చేతిలో ఉంది అన్న ప్రశ్న అందుకే హక్కుల ప్రశ్న.

దీనికి ఇటీవలి చరిత్రలో ఒక గొప్ప ఉదాహరణ ఉంది. 2020లో కరోనా వల్ల ఇంగ్లండులో పాఠశాల పరీక్షలు రద్దయ్యాయి. ప్రతి విద్యార్థికి ఏ గ్రేడు రావచ్చునో అంచనా వేసి పంపమని ఉపాధ్యాయులను కోరారు. తరువాత పరీక్షల నియంత్రణ సంస్థ ఆ అంచనాలను ఒక గణన సూత్రం ద్వారా సవరించింది. ఆ సూత్రం పాఠశాల గత సంవత్సరాల ఫలితాలకు పెద్ద పీట వేసింది. ఎ–లెవెల్ పరీక్షల్లో ఉపాధ్యాయులు సూచించిన గ్రేడ్లలో దాదాపు 39 శాతం తగ్గిపోయాయి. అయిదుగురు, అంతకన్నా తక్కువ మంది ఉన్న తరగతులకు ఉపాధ్యాయుల అంచనానే యథాతథంగా ఉంచారు. అటువంటి చిన్న తరగతులు ఎక్కువగా ఉండేది ఖరీదైన ప్రైవేటు పాఠశాలల్లో. ఫలితంగా, వెనుకబడిన ప్రాంతపు బడిలో చదివిన తెలివైన విద్యార్థి తన కన్నా ముందు ఆ బడిలో చదివినవారి మార్కుల భారాన్ని మోయవలసి వచ్చింది. ఆగస్టు 13న ఫలితాలు వచ్చాయి. విద్యార్థులు వీధుల్లోకి వచ్చి నిరసన తెలిపారు. ఆగస్టు 17న ప్రభుత్వం వెనక్కు తగ్గి, ఉపాధ్యాయుల అంచనాలనే అంగీకరించింది.

అదే సంవత్సరం మన తెలంగాణలోనూ పదో తరగతి పరీక్షలు మధ్యలో ఆగిపోయి, చివరికి అంతర్గత మదింపు మార్కుల ఆధారంగానే గ్రేడ్లు ఇచ్చారు. ఆనాడు స్లిప్ టెస్టులను, ప్రాజెక్టు పనులను శ్రద్ధగా చేసిన బిడ్డ లాభపడ్డాడు. 'అసలు పరీక్షలో చూసుకుందాంలే' అనుకున్న బిడ్డ నష్టపోయాడు. ఈ రెండు అనుభవాలూ చెప్పేది ఒక్కటే. బిడ్డ స్వయంగా రాసిన కాగితమే అతని పక్షాన నిలిచే సాక్ష్యం. ఆ సాక్ష్యం లేనప్పుడు అతని భవిష్యత్తును పేరును బట్టి, బస్తీని బట్టి, బడిని బట్టి ఊహించడం ఎవరికైనా సులభం.

కనుక విద్యార్థులారా, మీ అంచనాను మీరే వేసుకోండి. దానికి ఒక పద్ధతి చెబుతాం.

గత సంవత్సరాల ప్రశ్నపత్రాలు మూడు తీసుకోండి. నిజమైన పరీక్షలో ఇచ్చినంత సమయమే పెట్టుకుని, పుస్తకం మూసి, ఒక్కొక్కటి ఒక్కొక్క రోజు రాయండి. రాసే ముందు ప్రతి ప్రశ్న పక్కన ఒక గుర్తు పెట్టండి: 'తప్పక వస్తుంది', 'సగం తెలుసు', 'తెలియదు'. తరువాత ఉపాధ్యాయుని చేత సోపానాల వారీగా దిద్దించుకోండి. మీరు పెట్టిన గుర్తుకు, వచ్చిన మార్కుకు ఎంత తేడా ఉందో అక్కడ బయటపడుతుంది.

ఒక ఉదాహరణ చూద్దాం. 80 మార్కుల వార్షిక పరీక్ష, 20 మార్కుల అంతర్గత మదింపు ఉన్న పద్ధతిని తీసుకుందాం. ఒక విద్యార్థిని 30 మార్కుల ప్రశ్నలకు 'తప్పక వస్తుంది' అనీ, 26 మార్కులకు 'సగం తెలుసు' అనీ, 24 మార్కులకు 'తెలియదు' అనీ గుర్తు పెట్టిందనుకుందాం. దిద్దిన తరువాత మొదటి రకంలో పదింట తొమ్మిది వంతులు, రెండవ రకంలో సగం వస్తున్నాయని తేలింది. అంటే 27, 13, మొత్తం 40. అంతర్గత మార్కులు 16 ఉంటే 56. చాలాకాలం అమలులో ఉన్న గ్రేడ్ల పట్టిక ప్రకారం 51 నుండి 60 వరకు సి–1. ఆమె నేటి స్థితి అది.

ఇక్కడితో ఆగితే ఆ లెక్క జాతకం అవుతుంది. ముందుకు సాగితే ప్రణాళిక అవుతుంది. 'సగం తెలుసు' అన్నవాటిలో 10 మార్కుల ప్రశ్నలను పూర్తిగా నేర్చుకుంటే అక్కడ 5 బదులు 9 వస్తాయి, నాలుగు పెరుగుతాయి. 'తెలియదు' అన్నవాటిలో 10 మార్కుల భాగాన్ని సగమైనా తెలుసుకుంటే మరో అయిదు. 56 కాస్తా 65 అవుతుంది. 61 నుండి 70 వరకు ఉన్న బి–2లోకి ఆమె చేరుతుంది. రెండు నెలల్లో చేయవలసిన పని ఇప్పుడు ఆమె కళ్ళ ముందు స్పష్టంగా ఉంది. మూడు పత్రాలలో వచ్చిన కనిష్ఠ, గరిష్ఠ మార్కులు రెండూ రాసి పెట్టుకోండి. ఒకే ఒక్క అంకెను నమ్ముకోకండి.

ఏ అధ్యాయాలతో మొదలుపెట్టాలి? వెనుకబడిన విద్యార్థికి సమితులు, సంభావ్యత, సాంఖ్యక శాస్త్రం త్వరగా పట్టు చిక్కే పాఠాలు. తరువాత శ్రేఢులు, నిరూపక రేఖాగణితం. సరూప త్రిభుజాలకు, త్రికోణమితికి ఎక్కువ రోజులు కేటాయించాలి. సమాధానం చివరికి తప్పినా, సూత్రం రాసి, విలువలు ప్రతిక్షేపించి, పటం గీసిన విద్యార్థికి ఆ సోపానాల మార్కులు దక్కుతాయి. ఖాళీ కాగితానికి ఎవరూ మార్కులు వేయలేరు.

వర్గ సమీకరణాల అధ్యాయం దగ్గర ఒక మాట. తొమ్మిదో శతాబ్దంలో బాగ్దాదులో అల్ ఖ్వారిజ్మీ రాసిన గ్రంథం పేరులోని 'అల్ జబ్ర్' నుండే ఆల్జీబ్రా అన్న మాట వచ్చింది. గణన సూత్రాన్ని సూచించే అల్గారిథం అన్న మాట ఆయన పేరు నుండే పుట్టింది. ఆయన చూపిన ఒక లెక్క ఇది: ఒక సంఖ్య వర్గానికి ఆ సంఖ్యకు పది రెట్లు కలిపితే 39. ఆ సంఖ్య ఎంత? పదిలో సగం అయిదు; దాని వర్గం 25ను 39కి కలిపితే 64; వర్గమూలం 8; అయిదు తీసివేస్తే 3. మీ పుస్తకంలో 'వర్గాన్ని పూర్తిచేయడం' అన్న పద్ధతి ఇదే. ఆయన ధన మూలాన్ని మాత్రమే తీసుకున్నారు. నేటి పరీక్షలో మూలాలు కనుక్కోమంటే 3తో పాటు –13 కూడా రాయాలి, లేకుంటే మార్కు పోతుంది. పూర్వుల ఘనతను చెప్పుకుని మురిసిపోవడం తేలిక. వారి లెక్కను ఒకసారి చేసి చూడడమే వారికి అసలైన గౌరవం.

ఉర్దూ మాధ్యమం పిల్లలకు మరొక భారం ఉంది. వారు త్రిభుజాన్ని ముసల్లస్ అనీ, వృత్తాన్ని దాయిరా అనీ నేర్చుకుంటారు. ఇంటర్మీడియట్‌లో అడుగు పెట్టగానే ఆ మాటలన్నీ మారిపోతాయి. తెలిసిన గణితమే తెలియనట్లు అవుతుంది. ప్రతి విద్యార్థీ ఒక నోటుపుస్తకంలో ఉర్దూ, తెలుగు, ఇంగ్లీషు పదాలను పక్కపక్కన రాసుకోవాలి. పాఠశాలల్లో గణిత ఉపాధ్యాయుల ఖాళీలను నింపమని, ఉర్దూలో మంచి అభ్యాస పత్రాలు సకాలంలో ఇవ్వమని మనం అడుగుతూనే ఉండాలి. అది దయాభిక్ష కోరడం కాదు. సమీకరణాన్ని ఉర్దూలో 'ముసావాత్' అంటారు. సమానత్వానికీ అదే మాట. రెండు వైపులా సమానంగా లేనిదాన్ని ఎవరూ సమీకరణం అనరు.

2023, 2024, 2025 సంవత్సరాలలో పదో తరగతి పరీక్షలు రంజాన్ మాసంలోనే వచ్చాయి. ఉపవాసాలు, పరీక్షలు కలిసి వచ్చినప్పుడు సహరీ తరువాతి ప్రశాంత సమయాన్ని గణితానికి కేటాయించడం మేలు. తరావీహ్ తరువాత బజారుకు వెళ్ళే అలవాటును ఆ నెల రోజులు ఇంటిల్లిపాదీ మానుకోవాలి. పరీక్ష రాసే బిడ్డకు దుకాణం పని, వంట పని చెప్పకుండా ఉండడం తల్లిదండ్రులు చేయగల పెద్ద సహాయం. ముఖ్యంగా ఆడపిల్లల విషయంలో ఈ మాటను పాటించండి. ఇఫ్తార్ వంటకాలన్నీ ఆమె చేతి మీదుగా జరిగి, చదువుకు మాత్రం మిగిలిన సమయం ఇస్తే, ఆమె మార్కులను మనమే తగ్గించినట్లు.

ఫలితాల తరువాత మరొక హక్కు ఉంది. దిద్దిన జవాబు పత్రాన్ని చూసే హక్కు సమాచార హక్కు చట్టం కింద విద్యార్థికి ఉందని సుప్రీంకోర్టు 2011 ఆగస్టులో కేంద్రీయ మాధ్యమిక విద్యామండలి కేసులో తీర్పు చెప్పింది. అంచనాకు, ఫలితానికి పెద్ద తేడా వస్తే తలరాత అని ఊరుకోవద్దు. గడువు లోపల రీకౌంటింగుకు, పునఃపరిశీలనకు దరఖాస్తు చేయండి. అయితే ఆ దరఖాస్తుకు బలం మీ దగ్గరున్న పాత పత్రాలే. 'బాగా రాశాను' అన్న మాట కన్నా, మూడు అభ్యాస పరీక్షల్లో వచ్చిన మార్కుల చిట్టా మీ అనుమానానికి ఆధారం చూపుతుంది.

తల్లిదండ్రులకు చివరి మనవి. 2019లో ఇంటర్మీడియట్ ఫలితాల్లో తప్పులు దొర్లినప్పుడు, ఫలితాలను తట్టుకోలేక తెలంగాణలో ఎందరో పిల్లలు ప్రాణాలు తీసుకున్నారు. మార్కుల జాబితా తప్పు కావచ్చు, ఒప్పు కావచ్చు. పోయిన బిడ్డను ఏ పునఃపరిశీలనా తిరిగి తీసుకురాదు. తప్పిన విద్యార్థికి ఆ వేసవిలోనే సప్లిమెంటరీ పరీక్ష ఉంటుంది. ఫలితాలు వచ్చిన సాయంత్రం బిడ్డను ఒంటరిగా వదలకండి. పక్కింటి పిల్లవాడి మార్కులు ఆ రోజు మీ ఇంట్లో వినిపించకూడదు.

మసీదు కమిటీల పెద్దలను, చదువుకున్న యువకులను ఒకటే కోరుతున్నాం. ప్రతి బస్తీలో ఆదివారం మూడు గంటల సేపు ఒక గది ఇవ్వండి. అక్కడ పిల్లలు ప్రశ్నపత్రం రాస్తారు. డిగ్రీ చదువుతున్నవారు దిద్దుతారు. ప్రతి బిడ్డకు తన చిట్టా ఉంటుంది. ఖర్చు కొద్ది కాగితాలు మాత్రమే. వచ్చే ఆదివారమే మొదలుపెట్టగలిగిన వారు ఈ సభ ముగియగానే పేర్లు ఇవ్వండి.