నకిలీ ఖాతాలు – మన కర్తవ్యము
(వార్షిక మహాసభయందుఁ జేసిన యుపన్యాసము)



లాల్ దర్వాజా, గౌలీపుర, శాలిబండ, అలియాబాదు ప్రాంతములనుండి విచ్చేసిన మీ యెదుట నేఁడు నేను ప్రస్తావింపఁబూనిన విషయము నూతనమైనను, అన్యుని రూపము ధరించి వంచించుట ప్రాచీనవిద్యయే.

నలోపాఖ్యానమును మీరెల్లరు నెఱుఁగుదురు. స్వయంవరమున నింద్రాగ్నియమవరుణులు నలుని రూపమే తాల్చి కూర్చుండిరి. దమయంతి తొందరపడి మాల వేయలేదు. ఆమె ప్రార్థింపఁగా దేవతలు తమ లక్షణములను బయల్పఱచిరి. చెమట లేదు, ఱెప్పపాటు లేదు, నీడ లేదు. దేవతలు దయతోఁ దమ చిహ్నములను జూపిరి. నేఁటి మాయావులు చూపరు. మనమే వెదకవలెను.

2025 సంవత్సరమున హైదరాబాదు నగర పోలీసు కమీషనరు శ్రీ వి.సి. సజ్జనారు గారి పేరనే ఫేస్‌బుక్కున నకిలీ ఖాతాలు వెలసినవి. ఆపదలో నున్నాను, ధనము పంపుమను సందేశమును నమ్మి వారి మిత్రుఁడొకఁడు 20,000 రూపాయలు పోగొట్టుకొనెను. ఈ సంగతిని వారే ప్రకటించి ప్రజలను హెచ్చరించిరి. నగరరక్షకుని పేరునకే యీ గతి పట్టఁగా మన సంఘపెద్దల పేరునకుఁ బట్టదా?

మనకుఁ బ్రమాదము మఱింత హెచ్చు. "మనవాఁడు" అన్నచో మనము ప్రశ్నింపము. మన సభ్యుల పట్టికలలోఁ బేరు, వృత్తి, ఫోను సంఖ్య, ఛాయాచిత్రము సమస్తము నుండును. వధూవరుల పరిచయపత్రములు వాట్సాపు గుంపులలోఁ జేతులు మాఱుచున్నవి. ఆ చిత్రముతో నొక కన్య పేర ఖాతా తెఱచుట నిమిషముల పని. ఆమెకుఁ గలుగు నపకీర్తిని దుడుచుట యేండ్ల పని. విద్యార్థి వేతననిధి పేర నొక వంచకుఁడు చందాలు దండినచో, రేపు నిజమైన పేద విద్యార్థిని నమ్మి యిచ్చువారెవరు?

ఇఁక లక్షణములు. ఇదివఱకే మిత్రుఁడైనవాఁడు మరల మైత్రి కోరుట, ఖాతా క్రొత్తదగుట, పలుకరించినంతనే ధనప్రస్తావము, ఫోనులో మాటాడుటకు వెనుకాడుట, యూపీఐలోఁ గనఁబడు గ్రహీత పేరు వేఱగుట. వీనిలో నొక్కటి తోఁచినను మీయొద్దనున్న పాత సంఖ్యకు ఫోను చేసి విచారింపుఁడు. యంత్రములు కంఠస్వరమును సైతము ననుకరించు కాలమిది. కావున నింటివారికి మాత్రమే తెలిసిన ప్రశ్న యొకటి యడుగుఁడు.

నకిలీయని తేలినచో స్క్రీన్‌షాట్టును, ఖాతా లింకును భద్రపఱచి, పిమ్మట నా ఖాతాపై రిపోర్టు చేయుఁడు, మిత్రులచేతను జేయింపుఁడు. ధనము పోయినచో జాగు సేయక 1930 సంఖ్యకుఁ దెలుపుఁడు. సొమ్ము పలు ఖాతాలకుఁ దరలిపోకమునుపే నిలుపవలెనన్నఁ బ్రతి నిమిషము విలువైనది. 2000 నాఁటి సమాచార సాంకేతిక చట్టము 66-సి, 66-డి విభాగముల ననుసరించి యీ నేరమునకు 3 సంవత్సరముల వఱకు ఖైదును, లక్ష రూపాయల వఱకు జరిమానాయుఁ గలవు. సిగ్గుపడి దాఁచుట దొంగకుఁ దోడ్పడుటయే.

కావున నీ మహాసభకు మూఁడు నియమములఁ బ్రతిపాదించుచున్నాను. కోశాధికారి సంతకముగల రసీదు లేక యెవ్వరును చందా యీయరాదు. ఫోను సంఖ్యలను, కన్యల చిత్రములను బహిరంగముగ ముద్రింపక, విచారించిన పిదపఁ గార్యాలయమే యీయవలెను. పేటకిద్దఱు యువకులు వృద్ధుల ఫోనులను సరిచూచి సాయపడవలెను.

పెద్దలు చర్చించి వీని నామోదింపఁ బ్రార్థించుచు సెలవు గైకొనుచున్నాను. శుభం భూయాత్.