బెదురు తిరిగివచ్చిన యెద్దు

(బాల్కొండలో పంచాయతీ సభ్యుల నుద్దేశించి చేసిన ప్రసంగ పాఠము)



ట్రాక్టర్లు వచ్చిన తరువాత ఎడ్లజతలు తగ్గినవి. అయినను దుక్కికి, ఇరుకు బాటలలో బండికి ఎడ్లను నమ్ముకొన్న రైతు లింకను గలరు. మీ ఊరి ప్రక్కనే 44వ నంబరు జాతీయ రహదారి సాగుచున్నది. లారీ హారనుకు బెదరిన యెద్దు బండితో సహా దానిమీదికి దూకినచో ఏమగునో మీకు చెప్పనక్కరలేదు.

అట్టి యెద్దుకు భయము మాన్పుట మన పెద్దలకు తెలిసిన విద్యయే. నిదానమైన తోడెద్దును ప్రక్కన నిలిపి, రహదారి దూరముగా కనబడు చోట మేత వేసి, అది నిబ్బరముగా నెమరు వేయునప్పుడే నాలుగడుగులు ముందుకు నడిపింతురు. చిక్కు తరువాత వచ్చును. ఇరువది దినములు సాధువుగా నడిచిన యెద్దు ఒకనాడు మరల కాడి విదిల్చి వెనుకకు పోవును. చేసినదంతయు గంగలో కలిసినదని రైతు చర్నాకోల అందుకొనును; లేదా బెదురుగొడ్డని అగ్గువకు తెగనమ్మును. నేను మాట్లాడదలచినది ఈ రెండవ బెదురును గురించియే.

మాన్పిన అలవాటు కొంత విరామము తరువాత దానంతటదే తలయెత్తునని రష్యా శాస్త్రజ్ఞుడు పావ్లోవ్ కుక్కలపై పరిశోధించి కనుగొనెను. 1924లో లెనిన్‌గ్రాడ్ వరదలో ఆయన కుక్కలు చిక్కుకొని బయటపడినవి. వానిలో నొకటి మెల్లగా కోలుకొన్నది. తలుపు క్రిందుగా కొంచెము నీరు గదిలోనికి పారనిచ్చినంతనే అది మరల కలవరపడినది! పాత భయము చెరిగిపోదు. దానిపై కొత్త నమ్మకము పేరుకొనును. అది పలుచనైన చోట పాతది పైకి వచ్చును.

కనుక బెదరిన దినమున కొట్టరాదు. కొట్టినచో లారీ భయమునకు దెబ్బ భయము తోడగును. పశువుకు అనవసరపు బాధ కలుగునట్లు కొట్టుట 1960 నాటి జంతుహింసా నివారణ చట్టము క్రింద నేరము కూడ. ఎద్దు ఇదివరకు నిమ్మళముగా నిలిచిన దూరమునకు మరలించి, కుదుటపడిన పిమ్మట ఇంటికి తోలవలెను. మరునాడు అక్కడినుండియే మొదలు. ఈసారి దారి తరచుగా త్వరగానే తెగును.

అయితే ముందు మెడ చూడుడు. కాడిపుండు, ముకుతాటి గాయము, కంటి జబ్బు ఉన్నచో పశువైద్యశాలకు చూపిన తరువాతనే శిక్షణ.

బెదురుగొడ్డు చేను త్రొక్కిన తగవు మీ ముందుకు వచ్చినప్పుడు నష్టమిప్పించుడు. యెద్దును అమ్మివేయుమని మాత్రము చెప్పకుడు. పసుపు త్రవ్వు కాలమున బండ్లు విడుచుటకు రహదారికి ఎడముగా కొంత స్థలము చూపుడు. పెండ్లి ఊరేగింపులలో టపాకాయలు ఆ వైపు కాల్పనీయకుడు. ఆ స్థలమేదో ఈ సమావేశముననే నిర్ణయించుకొన్నచో పుష్యమాసమునాటికి చదును చేయించవచ్చును.