చింతకాయ తొక్కు



నేడు మన వంటయింటి జాడీని గూర్చి నాలుగు మాటలు చెప్పదలచితిని. ఆడవారి పని ముసలి పంతులున కేల యని యెవరైన నవ్వవచ్చును. అన్నము తినువా రందఱును అన్నమును గూర్చి తెలిసికొనవలసినవారే గదా!

ఏ దేశమువారైనను తమ చెంత దొరకినదానినే నిలువచేసికొని అన్నములో నంజుకొందురు. జపాను దేశస్థులు సముద్రపు పాచిని సోయాచిక్కుళ్ల రసములో చిక్కబడువఱకు నుడికించి, వరియన్నముపై వేసికొని తిందురు. టోక్యో నగరమందలి త్సుకుదా యను దీవి పేర దానికి త్సుకుదాని యని పేరు వచ్చినది. మన మర్రిపాడు ప్రాంతమునకు కడలి దూరము. నేల మెట్ట, వానలు నమ్మరానివి. వేసవిలో కూరగాయ దొరకని దినములు పెక్కులు. అయినను గట్టుమీది చింతచెట్టు మనలను విడువలేదు. దాని పచ్చికాయతో చేయు తొక్కు సంవత్సరము పొడుగునను నిలుచును.

కార్తికము చివరనుండి పుష్యమువఱకు కాయ అదనుగా నుండును. గింజ పట్టియు గట్టిపడని కాయ కావలెను. బెరడు విడిచిన దోరకాయ పనికిరాదు. కాయలను కడిగి, పొడిగుడ్డతో తుడిచి, నీడను పఱచి, తడి పూర్తిగా నాఱనీయవలెను. కిలో కాయలకు పావుకిలో కల్లుప్పు, రెండు చెంచాల పసుపు చేర్చి, రోటిలో కచ్చాపచ్చాగా దంచి, జాడికెత్తి వాసెన గట్టవలెను. మూడవనాడు తీసి, గింజలను, ఈనెలను ఏఱివేసి, కొంచెము మెంతిపొడి వేసి, మరల మెత్తగా దంచి జాడిలో నొత్తిపెట్టవలెను. ఇత్తడి, రాగి పాత్రలు పులుపునకు తగవు.

ఇందు సూత్రములు రెండే: తడి తగులరాదు, ఉప్పు తగ్గరాదు. కాయలోని పులుపును ఉప్పును కలిసి, కుళ్లు పుట్టించు సూక్ష్మజీవులను పెరుగనీయవు. తడిచేయి పెట్టిన జాడికి బూజు తప్పదు.

కావలసినపుడు నిమ్మకాయంత ముద్ద తీసి, నువ్వులనూనెలో వేయించిన ఎండుమిరపకాయలతో, జీలకఱ్ఱతో నూఱి, ఆవాలు, ఇంగువ తిరుగమోత పెట్టిన చాలును. సజ్జసంగటికైనను, వేడియన్నమునకైనను అది తోడగును.

ఇక ముఖ్యవిషయము. 1937లో షార్టు మొదలగు వైద్యులు నెల్లూరు జిల్లా పల్లెలను పరిశీలించి, ఎముకలు బిగిసి నడుములు వంగిపోవు వ్యాధికి త్రాగునీటిలోని ఫ్లోరైడే కారణమని ప్రకటించిరి. ఉదయగిరి సీమ పల్లెలకు ఈ బెడద క్రొత్త కాదు. లీటరు నీటిలో ఒకటిన్నర మిల్లీగ్రాములకు మించి అది యుండరాదు. హైదరాబాదులోని జాతీయ పోషకాహార సంస్థ శాస్త్రజ్ఞులు కొందఱు బడిపిల్లలకు దినమునకు 10 గ్రాముల చింతపండు చొప్పున 18 దినములు పెట్టి చూడగా, మూత్రముద్వారా వెడలిపోవు ఫ్లోరైడు హెచ్చినదని 2002లో వెల్లడించిరి. మన పెద్దల పులుపు వట్టి రుచికొఱకే కాదని దీనివలన తెలియుచున్నది.

అంతమాత్రమున తొక్కును మందని నేను చెప్పను. వారు పరీక్షించినది చింతపండునే గాని, ఉప్పుతో దంచిన తొక్కును గాదు. మంచినీటికి బదులుగా ఏ పచ్చడియు నిలువదు. మఱియు తొక్కులో ఐదింట నొకవంతునకు తక్కువగాకుండ ఉప్పున్నది. పది గ్రాములు తిన్నచో రెండు గ్రాముల యుప్పు లోనికి పోవును. దినమున కంతయు గలిపి ఐదు గ్రాములకు లోపుగానే యుప్పు తినవలెనని ప్రపంచ ఆరోగ్య సంస్థవారి మాట. కావున రక్తపు పోటుగల మనవంటి వృద్ధులు దీనిని నాలుకకు రుచిగా మాత్రమే తినవలెను. కాల్చిన వంకాయనో, మగ్గబెట్టిన సొరకాయనో కలిపి నూఱినచో, ముద్ద పెరిగి ఉప్పు పలుచబడును.

పెద్దలకు నా మనవి మూడు మాటలు. ఊరి బావి, గొట్టపుబావి నీటిని పరీక్ష చేయింపుడు. గట్టుమీది చింతలను వంటచెఱకునకై నఱకనీయకుడు. ఈ యేటి కాయ దంచునపుడు మనుమలను, మనుమరాండ్రను రోటియొద్ద కూర్చుండబెట్టి, ఉప్పుపాళము వారిచేతనే కొలిపింపుడు. చేతితో నేర్చినది మఱపునకు రాదు.